వైపు మారాలంటే ముందు మారాల్సింది బస్సు తలుపు

ఏటా సెప్టెంబరు మొదటి వారంలో ఒక నలుపు తెలుపు ఫొటో వాట్సాప్ గ్రూపుల్లో తిరుగుతుంది. స్టాక్‌హోమ్‌లో కుంగ్స్‌గాటన్ అనే వీధి, 1967 సెప్టెంబరు 3. కార్లు అడ్డదిడ్డంగా నిలబడి ఉంటాయి, మధ్యలో జనం. స్వీడన్ మొత్తం రోడ్డుకి ఎడమ పక్కన బండ్లు నడపడం మాని కుడి పక్కకి మారిన రోజది. కింద మనవాళ్ళ వ్యాఖ్యలు. "విజయవాడ బెంజి సర్కిల్ రోజూ ఇట్టాగే ఉంటది" అని ఒకరు. "వాళ్ళకి క్రమశిక్షణ ఉంది కాబట్టి ఒక్క రాత్రిలో మారారు, మనోళ్ళకైతే వందేళ్ళు పట్టుద్ది" అని ఇంకొకరు. ఈ మధ్య మూడో మాట కూడా వినపడుతోంది: మనమూ కుడికి మారిపోతే కార్ల ఎగుమతులు పెరుగుతాయి, అమెరికా వెళ్ళే పిల్లలకీ తేలిక అని.

రెండో మాటా మూడో మాటా ఒకే పొరపాటులోంచి పుట్టాయి. రోడ్డు మీద వైపు అనేది జనం బుర్రలో ఉండే అలవాటని, పట్టుదల ఉంటే మార్చేయొచ్చని అనుకోవడం ఆ పొరపాటు. నిజానికి అది బస్సు తలుపులో ఉంది, హెడ్‌లైటు అద్దంలో ఉంది, హైవే పక్కన బిగించిన రేకులో ఉంది. స్వీడన్ మార్చింది వాటిని. మనుషులు వాటి వెంట నడిచారు.

ఆ తెల్లవారుజాముకి ముందు నాలుగేళ్ళు

"క్రమశిక్షణ" వాదం చేసేవాళ్ళు 1955 సంగతి చెప్పరు. ఆ ఏడాది స్వీడన్‌లో ప్రజాభిప్రాయ సేకరణ జరిగింది. దాదాపు 83 శాతం మంది కుడికి మారడం వద్దన్నారు. అయినా 1963లో పార్లమెంటు మారాలనే తీర్మానించింది. అంటే 1967లో కుడికి జరిగినవాళ్ళలో చాలామంది ఒకప్పుడు వద్దన్నవాళ్ళే. ఇష్టం లేకపోయినా సజావుగా జరిగారు. ఎందుకంటే ఆ ఉదయానికి ఎడమ పక్కన నడపడానికి వీలైన రోడ్డు అక్కడ మిగల్లేదు.

నాలుగేళ్ళలో ఏం చేశారో చూడండి. దాదాపు 3,60,000 రోడ్డు గుర్తుల బోర్డుల్ని మార్చాలి. కొత్తవి చాలావరకు ముందే పాతిపెట్టి నల్ల ప్లాస్టిక్ తొడిగారు. తారు మీద కొత్త గీతలు ముందే గీసి, వాటి మీద నల్ల టేపు అంటించారు. ఆఖరి రాత్రి పని అంటే ఒక తొడుగు తీసి ఇంకోదానికి తొడగడం, ఒకచోట టేపు పీకడం. అది కూడా ఒక్క రాత్రిలో జరిగేది కాదని తెలుసు కాబట్టి స్టాక్‌హోమ్‌లో శనివారం ఉదయం 10 నుంచి ఆదివారం మధ్యాహ్నం 3 దాకా మామూలు వాహనాల్ని ఆపేశారు. మిగతా దేశంలో రాత్రి 1 నుంచి ఉదయం 6 దాకా అత్యవసరమైన బండ్లు మాత్రమే తిరిగాయి. 4 గంటల 50 నిమిషాలకి రోడ్డు మీద ఉన్న ప్రతి బండీ ఆగాలి. జాగ్రత్తగా కుడి పక్కకి జరగాలి. మళ్ళీ ఆగి 5 గంటలు కొట్టేదాకా కదలకూడదు. ఆ పది నిమిషాల ఆగుడే మొత్తం పథకంలో నాకు అన్నిటికంటే తెలివైన ముక్క అనిపిస్తుంది. కదులుతూ మారమంటే ఎవడో ఒకడు ముందు మారతాడు, ఎవడో ఒకడు ఆలస్యంగా మారతాడు. ఎదురెదురుగా వచ్చే రెండు బండ్లలో ఒకటే మారితే చాలు, ప్రాణం పోవడానికి.

ఖర్చు 60 కోట్ల క్రోనార్లకు పైనే అయ్యింది. అందులో బస్సుల వాటా చాలా పెద్దది. తలుపులు ఎడమ పక్కన ఉన్న బస్సులు కుడి అంచున ఆగితే ప్రయాణికుడు నడిరోడ్డు మీదకి దిగుతాడు. అందుకని కొన్ని వేల బస్సులకి రెండో పక్క కూడా తలుపులు కోశారు, కొత్త బస్సులు వెయ్యి దాకా కొన్నారు. గోటెన్‌బర్గ్, మాల్మో నగరాలు పాత బస్సుల్ని పాకిస్తాన్‌కి, కెన్యాకి అమ్మేశాయి. స్టాక్‌హోమ్ అయితే నగరం నడిబొడ్డున తిరిగే ట్రాముల్ని ఈ దెబ్బతో పూర్తిగా వదిలేసుకుంది. రైళ్ళ జోలికి మాత్రం పోలేదు. స్వీడన్ రైళ్ళు చాలావరకు ఇవాళ్టికీ ఎడమ పట్టాల మీదే నడుస్తాయి. సిగ్నళ్ళూ ప్లాట్‌ఫారాలూ అలా కట్టి ఉన్నాయి, ఎదురుగా కార్లు రావు, కాబట్టి మార్చాల్సిన పని లేదు. అవసరమైన చోట తెగించి ఖర్చుపెట్టి, అవసరం లేనిచోట చెయ్యి పెట్టకపోవడం ఒక లెక్క ప్రకారం నడిచిన పని. జాతి స్వభావంతో దానికి సంబంధం లేదు.

స్టీరింగ్ ముందే ఎడమన ఉంది

స్వీడన్‌కి ఇంకో పెద్ద సౌకర్యం ఉంది. ఎడమ పక్కన నడిపే రోజుల్లోనే అక్కడి కార్లలో దాదాపు 90 శాతానికి స్టీరింగ్ ఎడమ పక్కనే ఉండేది. అంటే అప్పటిదాకా డ్రైవరు రోడ్డు అంచు పక్కన కూర్చుని నడిపేవాడు. మార్పుతో ఆ కార్లన్నీ సరైన వైపుకి వచ్చాయి. అసలు మార్పుకి బలమైన కారణాల్లో అదొకటి. పక్కనున్న నార్వే, ఫిన్లాండ్ అప్పటికే కుడి.

మన సంగతి దీనికి పూర్తిగా తిరగేసి ఉంటుంది. మన బండ్లన్నిటికీ స్టీరింగ్ కుడి పక్కనే. ఎడమ స్టీరింగ్ బండి నడపాలంటే సిగ్నల్ ఇచ్చే యాంత్రిక లేదా విద్యుత్ పరికరం తప్పనిసరిగా ఉండాలని మోటారు వాహనాల చట్టంలో 120వ సెక్షన్ విడిగా చెబుతుంది, అంత అరుదు అవి. మనం కుడికి మారితే స్వీడన్ అవ్వం, బర్మా అవుతాం.

బర్మా 1970 డిసెంబరులో ఎడమ నుంచి కుడికి మారింది. బండ్లు మాత్రం పాతవే. ఆ తర్వాత కూడా జపాన్ నుంచి కుడి స్టీరింగ్ పాత కార్లు, బస్సులు దశాబ్దాల తరబడి వచ్చాయి. ఫలితం ఏమిటో పల్నాడు వైపు రెండు వరసల రోడ్డు మీద పత్తి లారీ వెనక పడ్డ కారుని ఊహించుకుంటే అర్థమవుతుంది. ఇప్పుడు మన డ్రైవరు రోడ్డు మధ్యగీత పక్కన కూర్చుంటాడు. కారుని లారీ అంచు దాటించి సుమారు అర మీటరు బయటపెడితే ఎదర రోడ్డు కనపడుతుంది. అదే కారుని కుడి పక్కన నడిపితే డ్రైవరు రోడ్డు అంచు వైపు ఉంటాడు. ఎదర ఏముందో చూడాలంటే మీటరుంపావు దాకా కారుని ఎదురు వరసలోకి తొయ్యాలి. చూడటం కోసమే ప్రమాదంలోకి వెళ్ళాలన్నమాట. లేదంటే ఎడమ సీట్లో కూర్చున్న క్లీనరు చూసి చెప్పాలి. రాత్రిపూట క్లీనరు నిద్రపోతాడు.

మన బండ్లని తిప్పి చూస్తే

ఆర్టీసీ బస్సు సంగతి స్వీడన్ బస్సు లాంటిదే. తలుపు ఎడమన ఉంది. కుడి పక్క తలుపు కొయ్యాలంటే రేకు కోస్తే సరిపోదు. బాడీ నిలువు కమ్మీలు కదుల్తాయి, మెట్ల గుంతకి కింద చోటు కావాలి, డ్రైవరు క్యాబిన్ అడ్డు వస్తుంది, సీట్ల వరసలు మారతాయి. వేల బస్సులకి ఇది చెయ్యాలి. సమోవాలో ఈ తలుపుల గొడవే పెద్దదయ్యింది. ఆ చిన్న ద్వీప దేశం 2009 సెప్టెంబరు 7న కుడి నుంచి ఎడమకి మారింది, ఆస్ట్రేలియా, న్యూజీలాండ్‌లలో చవగ్గా దొరికే పాత కార్లు తెచ్చుకోవచ్చని. రెండు రోజులు సెలవిచ్చారు, మద్యం అమ్మకాలు ఆపారు, వేగం తగ్గించారు. కానీ బస్సుల తలుపులు నడిరోడ్డు వైపుకి తెరుచుకునే పరిస్థితి వచ్చిందని బస్సుల వాళ్ళు గట్టిగా ఎదురు తిరిగారు. జపాన్ పాలకులు ఒకినావాలో ఈ తలనొప్పి ముందే గుర్తించారు. 1978 జులై 30న ఆ దీవులు కుడి నుంచి ఎడమకి మారినప్పుడు వెయ్యికి పైగా కొత్త బస్సులు దించారు. ఆ తేదీ మీదుగా వాటికి "730 బస్సులు" అనే పేరు నిలిచిపోయింది.

ఆటోకి కుడి పక్క కమ్మీ అడ్డం ఉంటుంది, ఎడమ నుంచే ఎక్కాలి, దిగాలి. కమ్మీ ఊడదీసి అటు బిగించడం అరగంట పని, దానికి భయపడక్కర్లేదు. భయపడాల్సింది మోటారు సైకిలు గురించి. చీర కట్టుకున్నవాళ్ళు వెనక ఒక పక్కకి కూర్చుంటారు, కాళ్ళు ఎడమకి. ఎడమ పక్కన నడిపే రోడ్డు మీద ఆ కాళ్ళు రోడ్డు అంచు వైపు ఉంటాయి, పక్కనుంచి దాటే లారీకి దూరంగా. శారీ గార్డు ఎడమన ఉంది, చాలా బండ్లకి చైను కూడా ఎడమనే. మనం కుడికి మారామనుకోండి. అలాగే కూర్చుంటే మోకాళ్ళు లారీల వైపుకి వస్తాయి. అటు తిరిగి కూర్చుందామంటే కుడి పక్కన సైలెన్సరు ఉంది, కాలు కాలుతుంది, చీర అంటుకుంటుంది. చైనూ సైలెన్సరూ అటూఇటూ మార్చాలంటే కొత్త ఇంజను నమూనా వేసినంత పని. విజయవాడ, గుంటూరు రోడ్ల మీద ఎక్కువ బండ్లు ఇవే. కుడికి మారాలనే సలహా ఇచ్చేవాళ్ళలో ఈ సంగతి ఆలోచించినవాళ్ళు నాకు ఇంతవరకు కనపడలేదు.

హెడ్‌లైటు ఇంకో చిక్కు. డిమ్ వేసినప్పుడు కారు వెలుతురు రెండు పక్కలా ఒకేలా పడదు. ఎదుటివాడి వైపు అడ్డంగా కోసినట్టు ఆగిపోతుంది, రోడ్డు అంచు వైపు 15 డిగ్రీల వాలుతో పైకి లేస్తుంది, నడిచేవాళ్ళు కనపడాలని. ఎడమ పక్కకి తయారైన లైటుని కుడి పక్కన నడిపితే ఆ పైకి లేచిన వెలుతురు సూటిగా ఎదుటి డ్రైవరు కళ్ళలో పడుతుంది. 1967లో స్వీడన్ త్వరపడటానికి చెప్పే కారణాల్లో ఇదీ ఉంది: అప్పట్లో చాలా కార్లకి ఒకే కొలత గుండ్రటి లైట్లు, మార్చడం చవక. ఇప్పుడు ప్రతి మోడల్‌కీ దానిదైన ఎల్ఈడీ లైటు, బంపరు విప్పితే గాని రాదు, జతకి వేలకి వేలు. ఏటేటా ఈ మార్పు ఖరీదు పెరుగుతూ పోయింది. 1970ల చివరి నుంచి మారినవాటిలో సమోవా, ఒకినావా లాంటి దీవులే ముందు గుర్తుకు రావడం కాకతాళీయం కాదు.

ఇక ఎగుమతుల మాట. పెనుకొండ దగ్గర కియా కర్మాగారం నుంచి ఎడమ స్టీరింగ్ కార్లు ఎప్పటినుంచో విదేశాలకి వెళ్తున్నాయి. ఒకే లైను మీద రెండు రకాలూ బిగించడం కార్ల కంపెనీలకి మామూలు పని. దానికి మన రోడ్లు వైపు మారక్కర్లేదు.

రోడ్డుకీ వైపు ఉంటుంది

ప్రకాశం బ్యారేజీ మీద వైపు మార్చడం తేలిక, అటూ ఇటూ ఒకటే. వారధి దాటి జాతీయ రహదారి 16 ఎక్కాక కథ వేరు. రోడ్డు పక్కన ముడతల రేకు ఉంటుంది కదా, దాని ఒక్కో ముక్కనీ తర్వాతి ముక్క మీదకి బండ్లు వెళ్ళే దిశలో పరిచి బోల్టులు వేస్తారు. తగిలిన బండి రేకు వెంట జారిపోవాలి. అదే రోడ్డు మీద బండ్లు అటునుంచి ఇటు వస్తే ప్రతి అతుకు దగ్గరా రేకు అంచు కత్తిలా ఎదురవుతుంది. కాబట్టి కిలోమీటర్ల కొద్దీ రేకు విప్పి తిరిగి వెయ్యాలి. ఫ్లైఓవర్ దిగి రోడ్డులో కలిసే చోట వేగం అందుకోవడానికి పొడవాటి వరస ఉంటుంది, హైవే వదిలి బయటికి పోయే చోట అంత ఉండదు. తిప్పితే పొడవు ఉండాల్సిన చోట పొట్టి, పొట్టి చోట పొడవు. యూటర్న్ దగ్గర డివైడర్ని తొలిచి ఇచ్చిన ఆగే చోటు కూడా అంతే. కాజ టోల్‌ప్లాజాలో బూత్ డ్రైవరుకి కుడి చేతి వైపు ఉంది. తిప్పితే ఎడమకి పోతుంది, పైన బిగించిన ఫాస్టాగ్ రీడర్ల ముఖాలన్నీ అటు తిప్పాలి. గుంటూరు బస్సు కోసం నిలబడే షెల్టరు విజయవాడ బస్సుది అయిపోతుంది. నెహ్రూ బస్టాండ్‌లో బస్సు ముక్కు ప్లాట్‌ఫారానికి పెట్టి ఆగడం వల్ల కొంత నయం, లోపలికి వచ్చే దారీ బయటికి పోయే దారీ మాత్రం తారుమారు.

ఇంత చెప్పాక, మనుషుల సంగతి అసలు లేదా అని అడగొచ్చు. ఉంది, కానీ అనుకున్నంత కాదు. మనుషులకంటే మొండిగా ఉన్నది ఎద్దులు. కెనడాలోని నోవా స్కోషియా 1923 ఏప్రిల్‌లో ఎడమ నుంచి కుడికి మారినప్పుడు, ఎడమకి అలవాటైన బండెద్దులు ఎంత నేర్పినా మారలేదట. లూనెన్‌బర్గ్ ప్రాంతంలో వాటిని కోతకి అమ్మేస్తే ఆ ఏడు గొడ్డుమాంసం ధర పడిపోయిందని చెప్పుకుంటారు. ఎడమ పక్క కట్టే దాపటెద్దుని కుడి పక్క, అంటే వలపట, కడితే ఏమవుతుందో గుంటూరు జిల్లా రైతుకి ఎవరూ చెప్పక్కర్లేదు కాబట్టి ఈ కథ నమ్మడం కష్టం కాదు. మనిషి అలా కాదు. ఐస్‌లాండ్ 1968 మే 26న మారినప్పుడు దేశం మొత్తం మీద సైకిలు మీద వెళ్తున్న ఒక పిల్లాడికి కాలు విరగడం తప్ప గాయాలు లేవు. స్వీడన్‌లో మారిన మర్నాడు, సోమవారం, 125 ప్రమాదాలు నమోదయ్యాయి. మామూలు సోమవారాల్లో 130 నుంచి 198 దాకా ఉండేవి. ఒక్కరూ చనిపోలేదు.

ఇక్కడ నన్ను నేను ఆపుకోవాల్సిన చోటు ఉంది. ఈ అంకె చూసి "చూశారా, జనం శ్రద్ధ పెడితే ప్రమాదాలు తగ్గుతాయి" అనాలనిపిస్తుంది. కొన్నాళ్ళ వరకు అది నిజమే. మోటారు బీమా క్లెయిములు 40 శాతం దాకా తగ్గాయి. ఆరు వారాల్లో మళ్ళీ మామూలయ్యాయి. 1969కల్లా ప్రమాదాలు పాత స్థాయికి చేరాయి. భయం వల్ల వచ్చిన జాగ్రత్త భయంతోనే పోయింది. మన దగ్గర రోడ్డు భద్రతా వారోత్సవాల్లో గులాబీ పూలిచ్చి చెప్పే మాటలకి ఆరు వారాల ఆయుష్షు కూడా ఉండదని నా అనుమానం.

మనం ఇప్పటికీ ఎడమన నడుస్తున్నామా

కాగితం మీద నడుస్తున్నాం. తాడేపల్లి నుంచి గుంటూరు దాకా హైవే అంచున, సర్వీసు రోడ్ల మీద ఏ పూట చూసినా ఎదురొచ్చే మోటారు సైకిళ్ళు కనపడతాయి. మోటారు వాహనాల చట్టానికి 2019లో చేసిన సవరణ తర్వాత ఎదురు దిశలో నడపడం 184వ సెక్షన్ కింద ప్రమాదకరమైన డ్రైవింగ్‌. మొదటిసారి తప్పుకే 1,000 నుంచి 5,000 రూపాయల దాకా జరిమానా గాని, ఆరు నెలల నుంచి ఏడాది జైలు గాని, రెండూ గాని. అయినా ఆగలేదు. దీన్నే "మనోళ్ళకి క్రమశిక్షణ లేదు" అంటారు. నేను ఒప్పుకోను.

ఆ బండివాడి లెక్క చూద్దాం. అతని ఊరి దారి హైవేకి కలిసేచోటు నుంచి వెనక్కి 300 మీటర్లలో పెట్రోలు బంకు. న్యాయంగా వెళ్ళాలంటే కిలోమీటరున్నర ముందుకి పోయి, యూటర్న్ తీసుకుని, బంకు దాటి అవతల ఇంకో యూటర్న్ దాకా పోయి రావాలి. సుమారు నాలుగు కిలోమీటర్లు. పది రూపాయల లోపు పెట్రోలు, ఆరేడు నిమిషాలు, పైగా లారీల మధ్య రెండుసార్లు మలుపు. ఎదురెళ్తే 40 సెకన్లు. ఆ రెండు మలుపులకంటే అంచున ఎదురెళ్ళడమే క్షేమమని అతను నిజంగానే నమ్ముతాడు. తప్పు లెక్కే, కానీ రోడ్డు అతనికి ఇచ్చిన లెక్క అది.

ఎందుకు తప్పంటే: ఒకే దిశలో 60లో వెళ్ళే కారుకీ 40లో వెళ్ళే బండికీ తేడా 20. కారు డ్రైవరు 80 మీటర్ల దూరంలో చూశాడంటే అందుకోవడానికి 14 సెకన్లు ఉన్నట్టు. అదే బండి ఎదురొస్తే వేగాలు కలిసి 100, ఉన్న సమయం మూడు సెకన్లు కూడా కాదు. పక్క సందులోంచి ఎడమకి తిరిగేవాడు కుడి పక్క మాత్రమే చూస్తాడు, వచ్చేవి అటునుంచే కాబట్టి. రోడ్డు దాటే ముసలావిడ కూడా అటే చూస్తుంది. రాత్రి అయితే ఎదురొచ్చే బండికి ఒకే లైటు, అది తన వరసలో ఉందో అవతలి రోడ్డులో ఉందో తెలిసేలోపే దగ్గరికొచ్చేస్తుంది.

స్వీడన్ దగ్గర నేర్చుకోవాల్సింది ఇక్కడ పనికొస్తుంది. అక్కడ తప్పు వైపు వెళ్ళేవాడికి ప్రతి గుర్తూ, ప్రతి గీతా నువ్వు తప్పు అని చెప్పింది. మన హైవే మీద ఎదురెళ్ళేవాడికి కనపడేవి బోర్డుల వెనక బూడిద రంగు రేకులు మాత్రమే. ఎవరూ అతనికి ఏమీ చెప్పరు. ఆ రేకుల వెనక ఎర్రటి మెరుపు స్టిక్కరుతో ప్రవేశం లేదనే గుండ్రటి గుర్తు అంటించడానికి కొత్త స్తంభం కూడా అక్కర్లేదు. రోడ్డులో బిగించే స్టడ్లకి రెండు ముఖాలుంటాయి. ఎదురు ముఖం ఎరుపుది వేస్తే రాత్రిపూట తప్పు దిశలో వచ్చేవాడికి ముందంతా ఎర్రగా వెలుగుతుంది. ఊరి దారి కలిసేచోట తారు మీద పెద్ద బాణం గీత, డివైడరు లేని మూలలో ఎదురు తిరగడానికి వీలులేని చిన్న ముక్కోణపు గట్టు. టైర్లు చీల్చే ముళ్ళ పట్టీలు మాత్రం వద్దు. మోటారు సైకిలు వాటి మీద పడితే మనిషి చస్తాడు, అంబులెన్సుకీ దారి ఉండదు.

స్టిక్కర్లతో ఆగని చోట్లు ఉంటాయి, కాలేజీల దగ్గర, బంకుల దగ్గర, మిర్చి సీజన్లో యార్డు వైపు లారీలు బారులు తీరే దారిలో. అక్కడ సర్వీసు రోడ్డుని కనీసం అయిదున్నర మీటర్లకి పెంచి, మధ్యన గీత గీసి, రెండు వైపులా నడవడానికి అధికారికంగా అనుమతించాలి. అప్పుడు ఎదురొచ్చేవాడికీ తన ఎడమ పక్క ఒకటి ఉంటుంది, అతను వస్తాడని ఎదుటివాడికీ తెలుస్తుంది. అంత వెడల్పు లేనిచోట కింద నుంచి దాటే దారి కట్టాలి, లారీ పట్టకపోయినా సరే, ట్రాక్టరూ మోటారు సైకిలూ పట్టేంత ఎత్తు ఉంటే చాలు. వానాకాలం నీళ్ళు నిలవకుండా మోటారు బిగించి, దాన్ని నడిపే మనిషికి జీతం కూడా అదే అంచనాలో రాయాలి. లేకపోతే మొదటి వానకే అందరూ మళ్ళీ పైకెక్కి ఎదురెళ్తారు.